మూడు ముద్రలు, ఒక్క ముళ్ళపంది

అనగనగా ఒక అడవి. ఆ అడవిలో ఏటి ఒడ్డున ఒక బొరియ. ఆ బొరియ గురించే మన కథ. ముందే చెబుతున్నా, ఈ కథ చెప్పిన ప్రతిసారీ నాకు ఒళ్ళు మండుతుంది. మీమీద కాదులెండి, ఆ ముళ్ళపందుల మీద.

బొరియను ఒక ముసలి ముళ్ళపంది తవ్వింది. అది చనిపోయాక బొరియ దాని ముగ్గురు పిల్లలకు వచ్చింది. పెద్దవాడు కంపయ్య. రెండోవాడు సూదయ్య. చిన్నది మొనమ్మ. ముగ్గురికీ వేరే బొరియలున్నాయి. నాన్న బొరియ ఖాళీగా పడి ఉంది.

ఒకరోజు కడుపుతో ఉన్న ముంగిస కంపయ్య దగ్గరకు వచ్చింది.

"అన్నా, వానలు పడేలోపు నా పిల్లలకు ఒక ఇల్లు కావాలి. మీ నాన్నగారి బొరియ అమ్ముతారా? ఏరి దాచిన దుంపలన్నీ ఇచ్చేస్తాను" అంది.

"దానికేం భాగ్యం! ఇప్పుడే రాసుకుందాం" అన్నాడు కంపయ్య.

ఆ అడవిలో ఒక పద్ధతి ఉంది. మోదుగాకు మీద ఒప్పందం రాయాలి. వాటాదారులందరూ కాలు బురదలో ముంచి ముద్ర వేయాలి.

"మరి మీ తమ్ముడినీ చెల్లెలినీ పిలవరా?" అని అడిగింది ముంగిస.

"వాళ్ళు నా మాట కాదంటారా? మేం ముగ్గురం. నాకు కాళ్ళు నాలుగు" అన్నాడు కంపయ్య. ముందరి కుడికాలు తన పేరున వేశాడు. ఎడమకాలు తమ్ముడి పేరున వేశాడు. వెనక కాలు చెల్లెలి పేరున వేశాడు. దుంపలు పుచ్చుకున్నాడు.

చూశారా తెలివి! చెల్లెలి ఇల్లు ఎంత దూరం? పక్క పొదే. పిలిస్తే పలుకుతుంది!

మర్నాడు ముంగిస మొనమ్మ ఇంటికి వెళ్ళింది. "నీ పేరున మీ అన్నయ్య ముద్ర వేశాడు. ఒప్పుకుని పుణ్యం కట్టుకున్నావమ్మా" అంది.

"నేనెప్పుడు ఒప్పుకున్నాను?" అని మొనమ్మ ముళ్ళన్నీ నిక్కబొడుచుకుంది. తిన్నగా న్యాయాధికారి తాబేలు దగ్గరకు వెళ్ళి దావా వేసింది. సంగతి తెలిసి సూదయ్యా వచ్చాడు. "అది మా నాన్న జ్ఞాపకం! అమ్మనివ్వను!" అని ఏడ్చాడు. నాన్న బతికుండగా ఒక్కనాడూ ఆ గడప తొక్కలేదు, మహానుభావుడు.

తాబేలు వాయిదా వేసింది.

మొదటి వాయిదాకు కంపయ్య రాలేదు. కాలిలో ముల్లు గుచ్చుకుందట. ముళ్ళపందికి ముల్లు! రెండో వాయిదాకు సూదయ్య ఒక కాకిని సాక్షిగా తెచ్చాడు. "అమ్మొద్దని వాళ్ళ నాన్న నాతోనే చెప్పాడు" అంది కాకి. తీరా చూస్తే, ఆయన పోయాకే అది గుడ్డులోంచి బయటికొచ్చింది. మూడో వాయిదాకు తాబేలే రాలేదు. బయల్దేరిందట, దారిలో ఉందట.

ముంగిస మాత్రం మూడుసార్లూ వచ్చింది. పాపం, నడవలేక నడిచింది.

"మబ్బులు కమ్ముతున్నాయి. ఏటా మీ నాన్నగారు బొరియ ముందు మట్టికట్ట వేసేవారు. లేకపోతే ఏటినీళ్ళు లోపలికి వస్తాయి. ఆ కట్ట నేను వేస్తాను. బొరియ ఎవరికి దక్కినా మంచిదేగా?" అని బతిమాలింది.

అప్పుడు ముగ్గురికీ ఎక్కడలేని ఐకమత్యం వచ్చింది. "వద్దు! మట్టి వేశావంటే రేపు బొరియ నాదే అంటావు!" అని ఒక్క గొంతుతో అరిచారు. వాళ్ళు వేశారా? వాళ్ళూ వేయలేదు.

వారం రోజులు వాన కురిసింది. వాన వెలిశాక తాబేలు తీర్పు చెప్పింది.

"మూడు ముద్రలూ కంపయ్యవే. ఒప్పందం చెల్లదు. దుంపలు తిరిగిచ్చేయాలి. బొరియలో ముగ్గురికీ సమాన వాటా!"

ముగ్గురూ ఏటి ఒడ్డుకు పరుగెత్తారు. బొరియ లేదు. కప్పు కూలి, గుంటలో బురదనీళ్ళు నిండి ఉన్నాయి. పక్కనే పొద కింద ముంగిస తడిసి వణుకుతోంది. పొట్ట కింద రెండు పిల్లలున్నాయి. మూడోది చలి తట్టుకోలేక ఆ ఉదయమే పోయింది.

మొనమ్మ ఏడుస్తూ ఆ రెండింటినీ ఎత్తుకుంది. "పద వదినా, మా ఇంటికి పోదాం" అంది.

కంపయ్య తల దించుకుని అడిగాడు. "చెల్లీ, అసలు బొరియ అమ్మడం నీకు ఇష్టం లేదా?"

"ఇష్టమే అన్నయ్యా. ఖాళీ బొరియ నాకెందుకు? అప్పుడే ఈ మాట అడిగుంటే, నా కాలితో నేనే ముద్ర వేసేదాన్ని."

నీతి: పదిమంది వాటా ఉన్న ఆస్తిని అమ్మే ముందు పదిమందినీ అడగాలి, అడగకుండా మొదలైన తగవులో ముందుగా నష్టపోయేది ఏ పాపం ఎరగనివాళ్ళే.