చేటల మీద కోడిగీతలు

అలికి ఆరబెట్టిన మూడు చేటల మీద చుక్కల కోడిపెట్ట ఈ చివర నుంచి ఆ చివరకు తీరిగ్గా నడిచింది. ఇల్లాలు నాలుగు తిట్లు తిట్టి, వాటిని పశువుల పాక వెనక్కి విసిరేసింది. అక్కడే అవి నక్క కంట పడ్డాయి.

తెల్లారేసరికి చేటలు గోడకు ఆనించి ఉన్నాయి. ఎదురుగా నక్క, కళ్ళు సగం మూసుకుని.

"ఏముంది బావా అందులో?" అంది మేక.

"అర్థమైపోతే అది కళ ఎలా అవుతుందే?"

చెప్పేవాడికి వినేవాడు లోకువ. మేక తలూపింది. మేక ఊపిందని గేదె ఊపింది. "బతుకు బరువంతా ఈ మూల గీతలోనే ఉంది," అని నిట్టూర్చింది కూడా. ఆ మూల తన కాలు జారిన సంగతి కోడికి బాగా గుర్తే. అయినా పొంగిపోయింది. బుద్ధెరిగాక తనను మెచ్చుకున్న నాథుడు లేడు మరి.

చివరికి కావలి కుక్క, దాచుకున్న ఎముకలన్నీ నక్కకిచ్చి మూడు చేటలూ కొనేసింది.

సాయంత్రం గడ్డివాము అవతల మాటలు కోడి చెవిన పడ్డాయి.

"వీటి ధర ఎప్పుడు పెరుగుతుంది?" అంది కుక్క.

"గీసినవాళ్ళు పోయాక. పదింతలు! రేపు కోళ్ళగూడు వైపు చూడకు, చాలు. మిగతాది నాకొదిలెయ్."

కుక్క కాదనలేదు. కంచే చేను మేస్తే ఇక దిక్కెవరు? కోడికి ఏడుపొచ్చింది. ఏడుస్తూనే ఆలోచించింది. తర్వాత మేకనూ గేదెనూ వెంటబెట్టుకుని నక్కా కుక్కా ఉన్న చోటికి వచ్చింది.

"నక్కబావా, నావి ఉత్త కోడిగీతలు. ఇంత తెలిసినవాడివి, నువ్వొకటి గియ్యరాదూ? ఆ తోక ముందు ఏ కుంచె పనికొస్తుంది!"

ఇతరులను పొగడటమే గాని పొగిడించుకోవడం ఎరగదు నక్క. తోకను పేడలో ముంచి, పాకలో పడున్న పాత చేట మీద ఒక్క విసురు విసిరింది.

"అమ్మో! దీని ముందు నా మూడూ దండగ!" అని కోడి రెక్కలు కొట్టుకుంది. మేక తలూపింది. గేదె సంగతి సరేసరి.

"ఇదీ నాదే," అంటూ కుక్క చేటను కరుచుకుంది. మురిపెంలో నక్క బేరమే మరిచిపోయింది.

"కుక్కన్నా," అంది కోడి మెల్లగా, "గీసినవాళ్ళు పోతే పదింతలటగా. మరి అన్నిట్లోకీ గొప్ప చేట గీసిందెవరు?"

కుక్క తల తిప్పింది. ఈసారి చూసింది చేటను కాదు, నక్క మెడను.

"తప్పన్నా! కళకు వెల కడతారా ఎక్కడైనా!" అని అరుస్తూ నక్క పేడ తోకతోనే పొలిమేర దాటింది. కుక్క ఇంకా తరుముతూనే ఉంది.

ప్రాణం పోతేనే ధర పలికే సరుకును దళారి అమ్ముకోవాలే గాని, తయారు చెయ్యకూడదు.