నిలువునీటిలో తరళ

అనగనగా ఏ ఓడా చేరలేని దూరాన ఒక సముద్రం ఉండేది. ఆ సముద్రంలో కాలం అంతటా ఒకేలా నడిచేది కాదు. పైనున్న నీళ్లలో మనకు లాగే పొద్దు పొడిచేది, పొద్దు గుంకేది. అట్టడుగున ఉన్న నల్లటి లోయలో మాత్రం కాలం దాదాపు ఆగిపోయేది. అక్కడ నాలుగు మాటలు ఆడేలోగా పైన ఒక ఋతువు దాటిపోయేది. అక్కడ నాచు పెరగదు, గుడ్డు పగలదు, గాయం మానదు. అందుకే జలచరాలన్నీ ఆ లోయను నిలువునీరు అని పిలిచేవి.

ఆ సముద్రాన్ని గంభీరుడనే తిమింగలం ఏలేవాడు. ఆయన రాణి జబ్బుచేసి కన్నుమూసింది. మిగిలింది ఒక్కగానొక్క కూతురు, పాలు మరవని పసిది. పేరు తరళ. ఆ పిల్ల కాస్త నలతగా కనిపిస్తే చాలు, రాజు గుండె జారిపోయేది.

రాజుగారి మంత్రి కరాళుడనే సొరచేప. వారసురాలు ఎదగకపోతే గద్దె తనకే దక్కుతుందని అతని ఆశ. ఒకనాడు మెల్లగా రాజు చెవిన వేశాడు.

"ప్రభూ! అమ్మాయిగారిని నిలువునీటిలో ఉంచండి. అక్కడ జబ్బు రాదు, ముసలితనం రాదు. ఎప్పటికీ మీ పసిపాపే!"

పిల్లను పెంచుతున్న దాది మందర, ముసలి తాబేలు, ఈ మాట విని అడ్డుపడింది. "వద్దు మహారాజా! అక్కడ బిడ్డకు ప్రాణం ఉంటుంది గాని బతుకు ఉండదు. తల్లి పోయిన పిల్లను తండ్రికి కూడా దూరం చేస్తారా?"

"నా కూతురి మేలు నాకు తెలియదా? నా కళ్లముందు నిలవకు!" అని రాజు గర్జించాడు.

మందర తలవంచుకుని వెళ్లింది. కానీ దూరం పోలేదు. లోయ అంచున ఒక బండ పక్కనే ఉండిపోయింది.

రాజు బిడ్డను నిలువునీటిలో దించి, "ఇప్పుడే వస్తానమ్మా" అని చెప్పి పైకి వచ్చాడు.

కొన్నాళ్లకు మనసాగక చూడబోయాడు. తరళ నీటిబుడగతో ఆడుకుంటోంది. "నాన్నా! ఇప్పుడే కదా వెళ్లావు, అప్పుడే వచ్చావా?" అని నవ్వింది. రాజు ముద్దాడి బయటికి వచ్చేసరికి పైన ఋతువు మారిపోయింది. అయినా సంబరంగా అన్నాడు:

"చూశావా మందరా, నా బిడ్డకు ఏమీ కాలేదు!"

"అవును మహారాజా, ఏమీ కాలేదు. ఈతా రాలేదు, పాటా రాలేదు."

రాజు ముఖం తిప్పుకుని వెళ్లిపోయాడు.

ఏళ్లు గడిచాయి. రాజు వీపు మీద గుల్లలు అతుక్కున్నాయి. రాణి పాడే జోలపాట గుర్తుచేసుకుని, కూతురికి వినిపిద్దామని మళ్లీ దిగాడు. "ఇప్పుడే కదా వెళ్లావు!" అంది తరళ. రాజు పాట అందుకున్నాడు. ఒక్కో చరణానికీ పైన ఋతువులు దొర్లిపోతున్నాయని గుర్తొచ్చి, సగంలో ఆపేసి పైకి పరుగెత్తాడు. ఆయన లేనప్పుడు కరాళుడు చిన్నచేపల మేతనేలలన్నీ తన వాళ్లకు పంచేశాడు.

"పాట పూర్తి కాలేదు మందరా" అన్నాడు రాజు, ఈసారి మెల్లగా.

మందర వచ్చి ఆయన పక్కనే కూర్చుంది.

ఇంకా చాలా ఏళ్లు గడిచాయి. రాజుకు ఒక కన్ను మసకబారింది. చర్మం ముడతలు పడింది. మూడోసారి లోయలో దిగాడు.

తరళ ఆయన్ను చూసి వెనక్కి జరిగింది. "తాతా, మీరెవరు? మా నాన్న ఇప్పుడే వస్తానని వెళ్లాడు. దారిలో కనిపించాడా?"

రాజు "కనిపించాడమ్మా. దారి తప్పాడు. పద, నిన్ను తీసుకెళతాను" అన్నాడు.

లోయ అంచున కరాళుడు అడ్డొచ్చాడు. "ప్రభూ! పైన తుఫానులు, జబ్బులు! అమ్మాయిగారికి ఏమైనా అయితే?"

"ఏమైతే అది కానీ! ఎదగనీ, పడనీ, లేవనీ. ఇంతకాలం నా భయాన్ని మేపి నువ్వు పెరిగావు. ఇక నా సముద్రం విడిచి పో!"

చిన్నచేపలన్నీ రాజు వెనక చేరాయి. అంతమందిని చూసి కరాళుడు తోక ముడిచాడు.

పైకి తేలి రాజు ఊపిరి వదిలాడు. నీటిచిమ్ము ఆకాశానికి ఎగసింది. ఆ చప్పుడు తరళ ఎరిగినదే. ఆమె ముడతల ముఖంలోకి చాలాసేపు చూసింది. "నాన్నా... నువ్వేనా?" అని వచ్చి అతుక్కుపోయింది.

రాజు మందర వైపు తిరిగాడు. "నిజం చెప్పినందుకు నిన్ను వెళ్లగొట్టాను. క్షమించు తల్లీ. ఈ పిల్లకు ఈత నేర్పుతావా?"

"పక్కన నేనుంటాను ప్రభూ. నేర్పడం మాత్రం మీరే నేర్పాలి."

తరళ పగడాలకు గీరుకుని ఏడ్చింది. గాయం మానింది. ఒకసారి జబ్బుపడింది, తండ్రి రాత్రంతా పక్కనే ఉన్నాడు, తేరుకుంది. అలల మీద ఎగరడం నేర్చింది. ఎదిగి తండ్రితో వాదించింది, ఆయన్ను నవ్వించింది.

గంభీరుడు ఆ తర్వాత ఎక్కువ ఏళ్లు బతకలేదు. గాలి లేని ఒక ఉదయాన కూతురి పక్కనే నిశ్చింతగా కన్నుమూశాడు. తరళ కరువుతీరా ఏడ్చి, గద్దెనెక్కి, మందరను మంత్రిగా చేసుకుని, మేతనేలలను చిన్నచేపలకు తిరిగి ఇచ్చి, చాలాకాలం చల్లగా ఏలింది.

ప్రేమించినవారిని కాలానికి అందకుండా దాచడం ప్రేమ కాదు. ఉన్న కాలాన్ని వారితో కలిసి గడపడమే ప్రేమ.