ఉప్పు లేని పప్పు

మనుషుల్ని అంచనా వెయ్యడంలో తనంతటివాడు లేడని శేషాచలపతి నమ్మకం. అది ఊరికే వచ్చిన నమ్మకం కాదు. ఒక్క గదిలో మొదలుపెట్టిన ఫైనాన్స్ కంపెనీని పన్నెండు వందల మంది పనిచేసే సంస్థగా పెంచాడు.

అలాంటివాడు ఒక ఆదివారం పొద్దున తుంగభద్ర ఒడ్డున ఉన్న తన గురువు విదితానంద స్వామి ఆశ్రమానికి వచ్చాడు. స్వామి వంటశాలలో ఉన్నారంటే నేరుగా అక్కడికే వెళ్ళి, దణ్ణం పెట్టి, పీట వాల్చుకుని కూర్చున్నాడు.

"ఏడాదిలో నూటయాభై మంది రాజీనామా చేశారు స్వామీ. కొత్త హెచ్.ఆర్. హెడ్‌ని తీసుకోవాలి. వడపోస్తే చివరికి ఇద్దరు మిగిలారు. భార్గవ్ అని ఒకతను, పెద్ద చదువు. నేను ఏమన్నా కాదనడు. రెండో ఆవిడ ఇందుమతి. ఇరవై ఏళ్ళ అనుభవం ఉంది గానీ, పొగరు."

"ఏం చేసిందేమిటి?"

"మానేసినవాళ్ళలో పదిమందితో మాట్లాడాకే చేరేదీ లేనిదీ చెబుతానంది! ఇంటర్వ్యూ చేస్తున్నది నేనా, ఆవిడా? ఉద్యోగం భార్గవ్‌కే ఇచ్చేద్దామనుకుంటున్నాను. మీ ఆశీర్వాదం కోసం వచ్చాను."

స్వామి గుండిగలోంచి గరిటెడు పప్పు తీసి దొన్నెలో పోసి అందించారు.

"ఇవాళ నేనే వండాను. ఎలా ఉందో చెప్పు."

చలపతి నోట్లో పెట్టుకున్నాడు. చప్పగా ఉంది. అయినా కళ్ళు మూసుకుని, "అమృతం స్వామీ!" అన్నాడు.

స్వామి ఇంకో దొన్నె నింపి, విస్తళ్ళు కడుగుతున్న వంటమనిషి ఓబుళమ్మను పిలిచి ఇచ్చారు. ఆమె నాలుక మీద వేసుకుందో లేదో, మొహం చిట్లించింది.

"ఉప్పే ఎయ్యలేదు గదా సామీ! రెండొందల మంది వస్తారు తినేదానికి. ఇదెట్ట తింటారు వాళ్ళు?"

అంటూనే ఉప్పు జాడీ చంకన పెట్టుకుని వచ్చి, స్వామిని పక్కకు జరగమని, గుండిగ ముందు నిలబడింది.

చలపతి చెవులు వేడెక్కాయి.

"మీ మనసు నొచ్చుకుంటుందేమోనని..." అని గొణిగాడు.

"తెలుసు నాయనా. నన్ను నొప్పించకూడదనుకునేవాళ్ళు ఈ ఆశ్రమం నిండా ఉన్నారు. అందుకే వంటకి ఈమెను వెతికి తెచ్చుకున్నాను."

చలపతి చేతిలోని దొన్నె వైపు ఒకసారి చూసుకుని, దాన్ని పక్కన పెట్టాడు. తర్వాత లేచి, జేబులోంచి ఫోన్ తీశాడు. గొంతులో ఎప్పటి ధీమా తిరిగొచ్చింది.

"పదిమంది కాదు స్వామీ, మానేసిన ప్రతి ఒక్కరి నంబరూ ఇప్పుడే పంపించేస్తాను. ఉద్యోగం ఇందుమతికే. ఖాయం చేసేశాను."

స్వామి నవ్వారు.

"నువ్వు చేశావు. ఆవిడ ఇంకా నిన్ను ఖాయం చేసుకోలేదుగా!"