మొరాయించిన గుర్రం

"రెస్టివ్ అన్న మాటకి రెండు అర్థాలున్నాయి మాస్టారూ. రెండూ ఒకదానికొకటి ఎదురు. ఏది పట్టుకోవాలి?" అని ఎస్తేరు అడిగింది.

ఆదివారం ఉదయాల్లో మేం ముగ్గురం విశ్వపతి మాస్టారి దగ్గర అనువాదం నేర్చుకునేవాళ్లం. ఆయన తెల్లదొరల కాలంలో దుబాసీగా చేరి, స్వరాజ్యం వచ్చాక కూడా చాలా ఏళ్లు కచేరీలో అనువాదకుడిగా పనిచేసి రిటైరైన మనిషి. ఎస్తేరుకి కలెక్టరాఫీసులో అనువాద విభాగంలో ఉద్యోగం వచ్చి నాలుగు నెలలైంది. కొత్త కలెక్టరు ఉత్తరాదివాడు, తెలుగు రాదు. తాసీల్దార్లు తెలుగులో పంపిన నివేదికలన్నీ ఆమె చేతిమీదుగా ఇంగ్లీషై ఆయన బల్ల మీదికి వెళ్తాయి. ఆ వారం వచ్చిన నివేదికలో, రేవులో కడుతున్న గోడ వద్దని చేపలు పట్టే పల్లెకారులు పదిరోజులుగా మొండికేశారని ఉంది. ఆ మొండికేయడానికి ఇంగ్లీషు వెతుకుతుంటే ఆమెకి ఈ మాట దొరికింది. అపురూపంగా ఉంది, బరువుగా ఉంది, కొత్త కలెక్టరు మెచ్చుకుంటాడనిపించింది. తీరా చూస్తే ఒక అర్థం కదలనని మొరాయించడం. ఇంకొకటి నిలవలేక కస్సుబుస్సులాడుతూ అదుపు తప్పబోవడం.

మాస్టారు కళ్లజోడు తీసి ఒళ్లో పెట్టుకున్నారు.

"ఆ మాట నేను ఒక్కసారే వాడానమ్మా," అన్నారు. తరవాత ఆయన చెప్పింది ఇది.

రెండో ప్రపంచయుద్ధం మొదలైన ఏడాది. ఆయనకి ఇరవైనాలుగేళ్లు. సబ్ కలెక్టరు దొరకి దుబాసీగా కొత్తగా వేశారు. కొండల దిగువన జీలుగువలస అని ఒక ఊరు. ఆ ఊరి గొడ్లు తాతల నాటినుంచీ మేస్తున్న మెట్టకి అటవీశాఖవారు కంచె వేయాలనుకున్నారు. ఎండాకాలం. కింద గడ్డిపోచ లేదు. కంచె తీగ మోసుకొచ్చే బళ్లు మెట్ట ఎక్కకుండా ఊరు ఊరంతా బండిబాట మీదికి వచ్చి కూర్చుంది. ఆడా మగా కలిపి రెండొందలమంది, వాళ్ల మధ్య వాళ్ల గొడ్లు. సబ్ కలెక్టరు దొర మైలు దూరంలో డేరా వేయించాడు గాని, వచ్చిన మర్నాడే మన్యం జ్వరం పట్టుకుని పడిపోయాడు. నాలుగు మైళ్ల అవతల బంగళాలో పోలీసు దొర, ముప్పైమంది తుపాకుల రిజర్వు పోలీసులతో దిగి ఉన్నాడు.

ఆ ఉదయం జ్వరంలోనే సబ్ కలెక్టరు దొర అన్నాడు: "వెళ్లి చూసి, అక్కడి పరిస్థితి నాలుగు ముక్కలు రాసి బంగళాకి పంపించు. నేను చదవలేను. నువ్వే సంతకం పెట్టు."

విశ్వపతి వెళ్లి చూశాడు. కేకలు లేవు, కర్రలు లేవు. కొందరు తాటాకు గొడుగుల కింద కునుకుతున్నారు. ఆవుకి ఈగలు తోలుతున్న ఒకడు అతన్ని చూసి దణ్ణం పెట్టాడు. ముందు వరసలో అసిరమ్మ అనే ముసలామె కూర్చుని ఉంది. ఆమె మాటే ఊరికి మాట. పొద్దున్నే నడిచి వచ్చాడని జాలిపడి డొప్పలో చోడి అంబలి పోసి ఇచ్చింది. తాగాడు. "ఎన్నాళ్లు కూర్చుంటారమ్మా?" అని అడిగాడు. "గొడ్లు బతికినన్నాళ్లు బాబూ," అంది.

డేరాకి తిరిగొచ్చి కాగితం తీశాడు. అంతవరకు చదువుకున్న ఇంగ్లీషంతా ఆ రోజుకోసమే చదివినట్టు అనిపించింది అతనికి. మిషన్ బళ్లో చదివే రోజుల్లో అట్టలూడిన ఓ పాత నిఘంటువుని అక్షరం అక్షరం బట్టీపట్టాడు. అందులో ఈ మాట ఉంది. ముందుకి నడవనని నాలుగు కాళ్లూ నేలకి తన్నిపట్టి మొరాయించే గుర్రానికి వాడేదని ఉంది. ఆ బాట మీద జనం అచ్చం అలాగే ఉన్నారు. ఇంత చక్కగా అమరిన మాట మళ్లీ దొరకదు. "జనం రెస్టివ్‌గా ఉన్నారు" అని రాసి, సంతకం చేసి, గుర్రపు సవారు చేత బంగళాకి పంపించాడు. పంపించాక ఆ వాక్యాన్ని లోలోపల రెండు మూడుసార్లు చదువుకుని మురిసిపోయాడు కూడా.

ఎండ నడినెత్తికి వచ్చేవేళకి బూట్ల చప్పుడు వినిపించింది.

ముప్పైమందీ వచ్చారు. తుపాకులు భుజాన లేవు, చేతుల్లో ఉన్నాయి. బాటకి అడ్డంగా రెండు వరసలుగా నిలబడ్డారు. ముందు వరస మోకాలిమీద కూర్చుంది. జనంలో పసిపిల్లలు ఏడుపు మొదలెట్టారు. తల్లులు నోళ్లు మూశారు. ఆ తరవాత వచ్చిన నిశ్శబ్దంలో గొడ్లు నెమరువేసే చప్పుడు కూడా వినపడిందని మాస్టారు అన్నారు. విశ్వపతి పరుగెత్తుకుంటూ పోలీసు దొర దగ్గరికి వెళ్లాడు.

"ఎందుకండీ ఇదంతా? వాళ్లేమీ చెయ్యడం లేదు."

దొర జేబులోంచి కాగితం తీసి చూపించాడు. "ఇది నీ సంతకమేనా?"

"నాదేనండి."

"జనం రెచ్చిపోతున్నారు, ఇక పగ్గం తెంచుకుంటారు అని రాశావు. తెంచుకునేదాకా నేను ఆగను."

అప్పుడు అర్థమైంది విశ్వపతికి. అతను చదివిన నిఘంటువు వందేళ్ల పాతది. ఈలోగా ఆ గుర్రం మారిపోయింది. కదలని గుర్రం కాస్తా నిలవని గుర్రమైంది. పోలీసు దొర తన తల్లి దగ్గర నేర్చుకున్న భాషలో ఆ మాటకి ఉన్న అర్థం అదొక్కటే. కూడదీసుకుని అన్నాడు: "అయ్యా, ఆ మాటకి ఇంకో అర్థం ఉందండి. నేను ఆ అర్థంలో..."

"నా భాష నాకు నేర్పుతావా?" అన్నాడు దొర.

గొంతు పెంచలేదు. కానీ ఆ చూపుకి విశ్వపతి వెనక్కి తగ్గాడు. ఉద్యోగం కళ్ల ముందు కదిలింది. ప్రభుత్వానికి తప్పుడు రాత రాసినవాడికి జైలు కూడా ఉంటుందని ఎవరో అనగా విన్నాడు. వాళ్లు ఊరికే కూర్చున్నారని ఇంకొక్క మాట అంటే దొర ఆగేవాడేమో. ఆ ఒక్క మాటే అతని నోట రాలేదు.

"అయిదు నిమిషాల్లో లేచి పొమ్మని చెప్పు," అన్నాడు దొర, గడియారం చేతిలోకి తీసుకుంటూ.

విశ్వపతి రెండు వరసల తుపాకులకీ జనానికీ మధ్య ఉన్న ఖాళీలోకి నడిచాడు. వెనక తుపాకులున్నాయన్న ఎరుక వీపు మీద చెయ్యి వేసినట్టు ఉందట. దొర హెచ్చరిక వినిపించాడు. తన గొంతు తనకే వేరెవరిదో అనిపించింది. ఎవరూ లేవలేదు. అసిరమ్మ అతని ముఖంలోకి చూసింది. ఆమెకి కోపం లేదు. ఏదో పొరపాటు జరిగిందనీ, ఈ కుర్రాడు దాన్ని సర్దగలడనీ అనుకుంటున్న మనిషిలా చూసింది.

"బాబూ, పొద్దుట నువ్వే గదా వొచ్చి సూసినావు. మేమేటి సేస్తన్నామో నీకు తెలుసు. ఆ దొరకి నువ్వే సెప్పు," అంది.

"ఏమంటోంది?" అని దొర వెనకనుంచి అరిచాడు.

విశ్వపతి వెనక్కి తిరిగాడు. ఆమె అన్న మాటలు మూడు వాక్యాలు. వాటిని ఇంగ్లీషు చెయ్యడం ఏ బళ్లో పిల్లవాడికైనా వచ్చు. కానీ చెపితే, పొద్దున్న తను చూసింది వేరు, కాగితంమీద పడింది వేరు అని మరోసారి ఒప్పుకోవాలి, ముప్పైమంది ముందు. నోరు తెరిచాడు. "వెళ్లనంటోందండి," అన్నాడు.

దొర ఈల ఊదాడు. హెచ్చరిక ఈలే అది. కానీ గొడ్లకి ఆ తేడా తెలియదు. ఓ ఎద్దు బెదిరి పలుపు తెంచుకుంది. పైడయ్య అనే రైతు ఎగిరి లేచి ఆ పలుపు అందుకోబోయాడు. అతని పక్కవాళ్లు ఎద్దు కాళ్ల కింద పడకుండా లేచారు. వాళ్లు లేవడం చూసి వాళ్ల వెనకవాళ్లు లేచారు. రెండొందలమంది ఒక్కసారి లేస్తే తుపాకీ వెనకనుంచి ఎలా కనిపిస్తుందో విశ్వపతికి ఆ క్షణంలో కనిపించింది, ఎందుకంటే అతను రెండింటి మధ్యా ఉన్నాడు. నేలమీద బోర్లా పడి చెవులు మూసుకున్నాడు. మూసుకున్నా తూటాల మోతలు వినపడ్డాయి. ఏడు.

తల ఎత్తేసరికి బాట ఖాళీ అయింది. ముగ్గురు పడి ఉన్నారు. ఇద్దరు మూలుగుతున్నారు. పైడయ్య మూలగడం లేదు. పలుపు కొస ఇంకా అతని పిడికిట్లోనే ఉంది. అంతా పారిపోయిన ఆ బాట మీద అసిరమ్మ ఒక్కతే, పొద్దున్న ఎక్కడ కూర్చుందో అక్కడే, కాళ్లు చాపుకుని కూర్చుని ఉంది. పైడయ్య ఆమెకి మేనల్లుడని తరవాత తెలిసింది.

నెల తిరక్కుండా విచారణ పెట్టారు. పైనుంచి ఓ పెద్ద అధికారి వచ్చాడు. దానికి ముందురోజు, జ్వరంనుంచి తేరుకున్న సబ్ కలెక్టరు దొర విశ్వపతిని పిలిపించి మెల్లగా చెప్పాడు: "కచేరీలో ఉన్న కొత్త నిఘంటువు తీసుకెళ్లు. రెండు అర్థాలూ చదువు. అంతకుమించి ఏమీ అనకు. అది అబద్ధం కాదుగా."

ఆ రాత్రంతా నిద్ర లేదు. మర్నాడు సాక్షి బల్ల దగ్గర నిలబడితే, ఎదురుగా కుర్చీలో పోలీసు దొర. తుపాకీ లేదు, ఊరికే చేతులు కట్టుకుని ఉన్నాడు. అయినా ఆ బాట మీది భయమే మళ్లీ లేచింది. విశ్వపతి పుస్తకం తెరిచి రెండు అర్థాలూ చదివాడు. బాగా చదివాడు, తడబడలేదు.

"మీరు రాసినప్పుడు ఏ అర్థంలో రాశారు?" అని పెద్ద అధికారి అడిగాడు.

కదలడం లేదన్న అర్థంలో అని చెపితే ముగ్గురి మీద పేలిన తూటాలకి ఆధారం ఉండదు. చెప్పినవాడికి ఉద్యోగమూ ఉండదు. అంతా అతని నోటి వంక చూస్తున్నారు.

"నాకు రెండర్థాలూ తెలుసునండి," అన్నాడు విశ్వపతి.

అధికారి రాసుకున్నాడు. మాటకి రెండు అర్థాలు ఉండటంవల్ల జరిగిన దురదృష్టమనీ, ఎవరినీ తప్పుపట్టే వీలు లేదనీ నివేదిక వచ్చింది. ఆ మెట్టకి కంచె పడింది. రెండేళ్లకి విశ్వపతికి పై హోదా ఇచ్చారు.

విచారణ ముగిసి బయటికి వస్తుంటే మెట్ల దగ్గర అసిరమ్మ నిలబడి ఉంది. ఆమెనీ సాక్ష్యానికి పిలిచారు గాని, వేళ చాలలేదని అడక్కుండానే పంపేశారు. అతని చంకలోని నిఘంటువు వంక చూసింది. లోపల దాన్ని తెరిచి చదవడం కిటికీలోంచి చూసి ఉంటుంది. అందులో ఊరి సంగతే రాసి ఉంటుందనుకుంది కాబోలు.

"బాబూ, ఆ పుస్తకంలో మా గురించి ఏటి రాసుంది?" అని అడిగింది.

మాస్టారు ఇక్కడ ఆగిపోయారు. ఆయన కళ్లజోడు మళ్లీ పెట్టుకోలేదు.

"మీరేం చెప్పారు మాస్టారూ?" అని నేనే అడిగాను.

"పక్కనుంచి దిగి వెళ్లిపోయాను. నలభై ఏళ్లయింది. ఇంకా దిగుతూనే ఉన్నాను."

ఎస్తేరు ఒళ్లో నివేదిక ఉంది, దాని మీద ఆమె అందమైన దస్తూరీలో ఇంగ్లీషు వాక్యం ఉంది. మర్నాడు పదింటికి అది కలెక్టరు బల్ల మీదికి వెళ్లాలి. రేవు దగ్గర ఓ పోలీసు వ్యాను మూడు రోజులుగా ఆగి ఉందని ఆమె మాతో మొదటే అన్నది. ఇప్పుడు ఆ కాగితం మూల ఆమె చేతిలో నలుగుతోంది.

మాస్టారు ఆమె వైపు తిరిగి చాలా మెల్లగా అడిగారు.

"ఆ రేవులో వాళ్లు ఏం చేస్తున్నారమ్మా?"

"కూర్చున్నారు మాస్టారూ. పడవలు ఒడ్డుకి లాగేసి, ఇసకలో కూర్చున్నారు. వెళ్లి చూశాను."

"కూర్చున్నారు," అన్నారు మాస్టారు. "దానికి ఇంకో అర్థం ఏమైనా ఉందా అమ్మా?"