సాకీకి తొమ్మిది అర్థాలు

ఖమ్రుద్దీన్ చెప్పిన మాటల్లో తప్పు లేదు. చిక్కంతా అక్కడే వచ్చింది. తప్పే అయితే దిద్దుకునేవాడు.

రాళ్లగుట్ట మీద నూరుల్లా షా గారి ఆశ్రమంలో అతనంత చదివిన శిష్యుడు మరొకడు లేడు. బీదరులో పన్నెండేళ్లు ఉండి అరబ్బీ, ఫార్సీ నేర్చి వచ్చాడు. గుట్ట మీద గురువారం సాయంత్రాలు సూఫీ పాటలు పాడేవారు. కింద ఊళ్ల నుంచి సాలెవాళ్లు, కాపులు, రాళ్లు కొట్టేవాళ్లు వచ్చి వినేవారు. పాట అయిపోయాక దాని అర్థం విప్పి చెప్పే పని ఖమ్రుద్దీన్‌ది. అతను చెబుతుంటే ఈగ వాలినా వినిపించేది. గురువుగారు మాత్రం వెనక గోడకు ఆనుకుని, కళ్లు మూసుకుని కూర్చునేవారు. మెచ్చుకుంటున్నారో, కునుకు తీస్తున్నారో ఎవరికీ తెలిసేది కాదు.

ఒక గురువారం పాటలో 'సాకీ' అన్న మాట పదే పదే వచ్చింది. సాలె పీరయ్య లేచి నిలబడ్డాడు. నలభై ఏళ్లవాడు, మంచి నేతగాడు.

"సాబ్, ఆ సాకీ అంటే ఏంది?"

"గిన్నెలో మధువు పోసి ఇచ్చేవాడు. పాతకాలపు మాట."

పీరయ్య మొహం విప్పారింది. "అంటే మా గౌండ్ల కనకవ్వ లెక్కనా?"

జనం గొల్లుమన్నారు. ఖమ్రుద్దీన్ చెవులు వేడెక్కాయి. బీదరులో ఏ పండితుడూ అతన్ని ఇంత మాట అనలేదు.

"కల్లు దుకాణం ముచ్చట కాదు పీరయ్యా ఇది" అని మొదలుపెట్టాడు.

ఆ మాట పుట్టుక నుంచి ఎత్తుకున్నాడు. అరబ్బీలో దాని మూలం దాహం తీర్చడం. చేనుకు నీరు పెట్టేవాడూ సాకీయే, బాటసారికి నీళ్లు పోసేవాడూ సాకీయే. ఫార్సీ రాజుల కొలువులో గిన్నెలు నింపేవాడు సాకీ. కవులకు ప్రియురాలు సాకీ. సాధకుడికి గురువు సాకీ. అన్నిటికీ పైన, ఈ లోకమనే గిన్నెను నింపిన దేవుడే సాకీ. మధువంటే ప్రేమ. మత్తంటే తనను తాను మరవడం. అలా తొమ్మిది అర్థాలు చెప్పడానికి మూడు గురువారాలు పట్టింది. మూడో వారం చివర గొంతెత్తి అడిగాడు:

"ఆ సాకీ చేతి గిన్నె అందుకున్నవాడికి ఇంకా ఇల్లేమిటి? పనేమిటి? ఆకలేమిటి?"

పీరయ్య కళ్లు ధారలు కట్టాయి. ఖమ్రుద్దీన్‌కు ఆ రాత్రి చాలా హాయిగా నిద్ర పట్టింది.

ఇరవై రోజుల తర్వాత ఒక ఉదయం పీరయ్య భార్య నర్సవ్వ ఆశ్రమం వాకిట్లోకి వచ్చింది. కూర్చోమంటే కూర్చోలేదు.

"మగ్గం మీద చీర సగంల ఉన్నది సాబ్, బూజు పట్టింది. పిల్లలు పిలిస్తే మీరెవరు అంటుండు. నాలుగు పొద్దులాయె, గుట్ట ఎనక బండల నడుమ కూసున్నడు. మెతుకు ముట్టడు. ఏందయ్యా అంటే సాకీ పోసిండు, నేను తాగిన అంటుండు." ఆమె ఏడవలేదు. ఏడుపు దాటిపోయిన గొంతు అది. "నా మొగడు కల్లు తాగొచ్చిన నాడు తెల్లారేసరికి మనిషయ్యేటోడు. మీరేం పోసిన్రో గాని, ఇది దిగుతలేదు."

ఆమె వెళ్లిపోయాక ఖమ్రుద్దీన్ గురువుగారి దగ్గరకు పరుగున వెళ్లాడు.

"హజ్రత్, నేను చెప్పినదాంట్లో తప్పుందా?"

"లేదు."

"పెద్దలు చెప్పని మాట ఒక్కటైనా చెప్పానా?"

"చెప్పలేదు."

"మరి ఇట్లా ఎందుకైంది?"

నూరుల్లా షా గారు మూలనున్న చేతికర్ర తీసుకుని, చెప్పులు తొడుక్కుని, గుట్ట దిగడం మొదలుపెట్టారు. ఖమ్రుద్దీన్ వెంట నడిచాడు. పీరయ్య దగ్గరికే అనుకున్నాడు. కానీ గురువుగారు బండల వైపు తిరగలేదు. తిన్నగా ఈతవనం పక్కనున్న పందిరి దగ్గరకు పోయి ఆగారు. అది గౌండ్ల కనకవ్వ కల్లు దుకాణం.

కనకవ్వకు యాభై దాటాయి. మొగుడు తెల్లవారకముందే చెట్లెక్కి కల్లు కుండలు, లొట్లు, దించి తెస్తాడు. పోయడం మాత్రం ఆమె చేతి పని. గురువుగారిని చూసి కొంగు సర్దుకుని లేచింది.

"బాబా, మీరిటొచ్చిన్రు!"

"కనకవ్వా, మా ఖమ్రుద్దీన్‌కు సాకీ అంటే ఏందో ఇంకా కొంచెం తెల్వాలె. ఇయ్యాల పొద్దంతా నీ పక్కన కూసుంటడు."

"సాకీ అంటే నాకేం ఎర్క బాబా?"

"ఎర్క లేకుంటే మరీ మంచిది. నువ్వు పోస్తుండు."

అంతే. వచ్చిన దారినే కర్ర టకటకలాడించుకుంటూ వెళ్లిపోయారు.

ఖమ్రుద్దీన్ నిలువునా చచ్చిపోయాడు. తెల్లటి అంగీ, తలపాగా, చేతిలో జపమాల. చుట్టూ పులిసిన వాసన, నురగ కక్కుతున్న లొట్లు, ముసురుతున్న ఈగలు. గురువారం తన ఎదుట చేతులు కట్టుకుని కూర్చునేవాళ్లే ఇప్పుడు ఒక్కొక్కరూ వచ్చి, అతన్ని చూసి తడబడి, దూరంగా కూర్చుంటున్నారు. కనకవ్వ ఒక పీట వేసింది. "కూసో సాబ్. నిలబడితే నీకే కాళ్లు గుంజుతయి."

చాలాసేపు అతను నేల చూపులే చూశాడు. కానీ ఎంతసేపని నేలను చూస్తాడు? మెల్లగా ఆమె చేతుల్ని చూడసాగాడు.

మొదట రాళ్లు కొట్టే కొమ్రయ్య దొన్నెలా మడిచిన తాటాకు రేక చాపాడు. కనకవ్వ లొట్టి ఎత్తలేదు. అతని కళ్లలోకి చూసింది.

"తిన్నవా?"

"ఆఁ, తిన్న."

"ఏం తిన్నవ్?"

కొమ్రయ్య నసిగాడు. ఆమె గంపలోంచి జొన్నరొట్టె ముక్క తీసి ఇచ్చి, అతను నమిలి మింగేదాకా ఆగి, అప్పుడు పోసింది. తర్వాత ఒక బండివాడు వచ్చాడు. దూరం పోయేవాడిలా లేడు, దూరం నుంచి వచ్చినవాడు. అడగకుండానే మూడుసార్లు నింపింది. ఎద్దు చచ్చిపోయిన కాపు ఒకాయన వచ్చి మౌనంగా రేక పట్టాడు. ఆయనకు పోయడానికి ఎందుకో చాలాసేపు తీసుకుంది. సన్నటి ధార. పోస్తూ ఎద్దు పేరడిగింది, ఎన్నేళ్లు దున్నిందో అడిగింది. ఆయన చెబుతూ చెబుతూ తాగడం మరిచిపోయాడు. సగం రేక పక్కన పెట్టి, కళ్లు తుడుచుకుని లేచి వెళ్లాడు.

ఒకే లొట్టి. ఒకే కల్లు. ఒకరికి పోసినట్టు మరొకరికి పోయలేదు ఆమె.

ఎండ చురుక్కుమనే వేళకు బావులు తవ్వే బాలయ్య వచ్చాడు. పొడగరి, భుజాన పెద్ద తాడు చుట్ట. కనకవ్వ అతన్ని చూడగానే లొట్టి మూతిని అరచేత్తో మూసింది.

"నీకు లేదు పో."

"ఎందుకు లేదే? నిన్న పోసినవ్ గదా!"

"నిన్న బాయి దిగలే నువ్వు."

బాలయ్య ముందు నవ్వాడు. తర్వాత బతిమాలాడు. ఆ తర్వాత తిట్టాడు. ఆమె కులాన్ని, ఆమె మొగుణ్ని, ఆమె చెట్లను కూడా వదలలేదు. కనకవ్వ ఎదురు మాట అనలేదు, చెయ్యి మాత్రం తీయలేదు. చివరికి అతను తాడు సర్దుకుని, ఉమ్మేసి, బావి వైపు నడిచాడు. అడుగు తడబడకుండా, తిన్నగా నడిచాడు.

ఖమ్రుద్దీన్ ఉండబట్టలేకపోయాడు. ఆ పూట అతను నోరు విప్పడం అదే మొదలు.

"ఎందుకు అన్ని తిట్లు తిన్నావు? మంచి కల్లే కదా, కొంచెం పోస్తే పోయేది."

"కల్లు మంచిదే సాబ్" అంది కనకవ్వ. "బాయి లోతున్నది."

కాసేపటికి ఆమె లొట్టి అతని ఒళ్లో పెట్టింది. "నా రెక్క గుంజుతుంది. జరసేపు నువ్వు పొయ్యి." అతను భయం భయంగా ఎత్తాడు. తన అంగీ మీద చుక్క పడకూడదన్న ధ్యాసలో, రెండు కళ్లూ లొట్టి మూతికే అప్పగించి వంచాడు. రేక నిండి, పొంగి, తాగేవాడి మోచేతుల మీదుగా కారి నేల పాలైంది.

"సాబ్, సాబ్!" అన్నాడు ఆ ముసలివాడు, తడిసిన చేతులు విదిలించుకుంటూ. "కుండ దిక్కు చూస్తే ఎట్ల? నా దిక్కు చూడు."

పందిరంతా నవ్వింది. విచిత్రం, ఈసారి ఖమ్రుద్దీన్ చెవులు వేడెక్కలేదు.

పొద్దు వాలుతుండగా, పొద్దున్న రొట్టె తిన్న కొమ్రయ్య మళ్లీ వచ్చాడు. ఇంకోచోట కూడా తాగి వచ్చాడో ఏమో, కనకవ్వ పోసిన ఒక్క రేకకే కాళ్లు తేలిపోయి ఒరిగాడు. ఆమె తనను తానే కసురుకుంది. "వాసన చూడక పోసిన, నా తప్పే." మిగిలిన కల్లు ఇక పోయనంది. లొట్లన్నీ బోర్లించింది. కొమ్రయ్య చెయ్యి తన భుజం మీద వేసుకుని లేపింది.

"ఇంకెవరైనా తీసుకుపోతారులే" అన్నాడు ఖమ్రుద్దీన్. "నీకు రెక్క నొప్పి కదా."

"ఎవరో ఎందుకు తీస్కపోతరు సాబ్?" ఆమెకు ఆ మాట నిజంగానే అర్థం కాలేదు. "పోసింది నేను గదా."

ఆమె అతన్ని ఈడ్చుకుంటూ ఊరి దారి పట్టింది. ఖమ్రుద్దీన్ ఖాళీ పందిట్లో కొంచెంసేపు నిలబడ్డాడు. తలపాగా తీసి అంగీకి అంటిన నురగ తుడుచుకున్నాడు. అప్పుడు బయల్దేరాడు. నడిచాడనడం తక్కువ, దాదాపు పరుగెత్తాడు. ముందు నర్సవ్వ ఇంటికి వెళ్లి ముంతెడు అంబలి అడిగి తీసుకున్నాడు. అక్కణ్నుంచి బండల దగ్గరకు.

పీరయ్య పెదాలు పగిలి ఉన్నాయి. ఖమ్రుద్దీన్‌ను చూడగానే లోతుకు పోయిన కళ్లు వెలిగాయి.

"వచ్చిన్రా సాబ్! చెప్పుండ్రి. ఇంకా చెప్పుండ్రి."

ఖమ్రుద్దీన్ గొంతులో అప్పటికే ఒక మాట కదులుతోంది. చాలా గొప్ప మాట, బీదరులో పండితులు లేచి నిలబడి మెచ్చుకున్న మాట. పీరయ్య మొహంలోకి చూశాడు. ఆ పగిలిన పెదాలు చూశాడు, వణుకుతున్న చేతులు చూశాడు. మాటను మింగేశాడు.

"ముందు ఇది తాగు."

"ఆకలి లేదు సాబ్."

"ఆకలికి కాదు. నేను పోస్తున్నాను, తాగు."

అతను పోస్తున్నాడంటే పీరయ్య కాదనలేకపోయాడు. గుక్కెడు పోసి ఆగాడు ఖమ్రుద్దీన్. మింగాక మళ్లీ గుక్కెడు. ఖాళీ కడుపు తిప్పుతుందని ముంతలో సగం మిగిలుండగానే ఆపాడు. ఎండ బండల మీంచి జారిపోయింది.

తర్వాత పీరయ్య చెయ్యి తన భుజం మీద వేసుకుని, మెల్లగా గుట్ట దింపి ఇల్లు చేర్చాడు. గుమ్మంలో పిల్లలు బెదిరి వెనక్కి జరిగారు. పీరయ్య వాళ్లను దాటి గోడకు ఆనుకుని చతికిలబడ్డాడు. చూపు ఇంకా ఇంట్లోకి రాలేదు.

ఖమ్రుద్దీన్‌కు ఏం చెయ్యాలో తోచలేదు. చెప్పడం తప్ప మరో పని ఎరగని మనిషి. మగ్గం గుంటలో సగం నేసిన చీర కనపడింది. పోయి గుంటలో కాళ్లు పెట్టి కూర్చున్నాడు. బూజు దులిపి, పోగును అటూ ఇటూ నడిపే నాడె విసిరాడు. అది అడ్డం తిరిగి రెండు పోగులు టప్పున తెంపింది. మళ్లీ విసిరాడు. ఇంకో మూడు తెగాయి.

"అట్ల గాదు సాబ్!"

పీరయ్య లేచాడు. తూలుతూనే వచ్చాడు. "లెవ్వుండ్రి, లెవ్వుండ్రి, చీరంత ఖరాబైతది." ఖమ్రుద్దీన్‌ను పక్కకు జరిపి గుంటలోకి దిగాడు. తెగిన పోగుల కొసలు వెతికి పట్టుకుని, వేళ్ల మధ్య మెలిపెట్టి అతికాడు. ఒకటి, రెండు, మూడు. నాలుగో పోగు దొరక్క తల ఎత్తకుండానే కేకేశాడు:

"నర్సీ, ఇటు జర దీపం పట్టు."

నర్సవ్వ దీపం తెచ్చి అతని వేళ్ల దగ్గర పట్టింది.

ఖమ్రుద్దీన్ గుట్ట ఎక్కేసరికి సంజె వెలుగు ఇంకా మిగిలే ఉంది. నూరుల్లా షా గారు అరుగు మీద కూర్చుని ఉల్లిపాయ కొరుక్కుంటూ రొట్టె తింటున్నారు. శిష్యుడి అంగీ మీది మరకలు చూశారు. దగ్గరికి రాగానే వాసనా చూశారు.

"పీరయ్య?"

"పోగులు అతుకుతున్నాడు, హజ్రత్."

గురువుగారు తల ఊపారు. ఒక ముక్క రొట్టె తుంచి శిష్యుడి చేతిలో పెట్టారు. ఆ రోజంతా తానేమీ తినలేదని ఖమ్రుద్దీన్‌కు అప్పుడే గుర్తొచ్చింది.

"అయితే బేటా, సాకీ అన్న మాటకు కొత్త అర్థం ఏమైనా దొరికిందా?"

"నేను చెప్పిన తొమ్మిదీ నిజమే హజ్రత్. ఒక్కటీ తీసెయ్యనక్కర్లేదు. కానీ..."

అక్కడ ఖమ్రుద్దీన్ గురువుగారి మొహంలోకి చూశాడు. ఆయన రొట్టె పక్కన పెట్టి వింటున్నారు. ఆ 'కానీ' తర్వాత రావలసిన మాటలు వరుసగా నోటి దాకా వచ్చి నిలబడ్డాయి. అతను పెదవులు మూసుకున్నాడు.

గురువుగారు చాలాసేపు ఎదురుచూశారు. ఆ మాటలు రాలేదు.

"బాగా ఆపినవ్" అన్నారు.

మళ్లీ రొట్టె అందుకున్నారు.