నీడ వదలమన్న డప్పు

అనగనగా ఒక ఎండల రాజ్యం. పొయ్యి రాజెయ్యకుండానే అన్నం ఉడికేంత ఎండట! ఊఁ కొడుతున్నారర్రా? కొట్టండి మరి.

ఆ రాజ్యంలో తెల్లారగానే సిద్ధాంతి ఆకాశం చూసి, ఆ రోజు ఎండో వానో చెప్పేవాడు. ఆ మాట సింహాద్రి డప్పు కొట్టి చాటేవాడు. రోజుకి ఒక్కటే చాటింపు. మళ్ళీ తెల్లారేదాకా డప్పు ముట్టకూడదని రాజుగారి కట్టడి. మాట మారిస్తే రాజుకి పరువు తక్కువ కదా!

ఓనాడు వడగాలని చాటింపైంది. ఎక్కడివాళ్ళక్కడ చెట్టు నీడ పట్టాలి, పొద్దుగూకేదాకా కదలకూడదు. సింహాద్రి కోడలు నూకాలు. ఆమె కూతురు పైడి మేకల్ని తోలుకెళ్ళింది. తాత చాటింపు విని, ఊరి చివర తాటిచెట్టు కింద చేరింది. బుద్ధిమంతురాలు.

మధ్యాహ్నం దాటాక పడమట మబ్బు పుట్టింది. పిడికెడు మబ్బు గంపెడైంది, గంపెడు మబ్బు కొండంతైంది, కొండంత మబ్బు ఉరిమింది. పిడుగు పడితే ఎత్తైన చెట్టు మీదే కదా! నూకాలు గట్టెక్కి, ఇంటికి రావే పైడీ అని గొంతు చించుకుంది. పిల్ల అక్కణ్ణించే చెయ్యూపింది.

"తాత కదలొద్దన్నాడమ్మా!"

నూకాలు మామ దగ్గరికి పరిగెత్తింది.

"డప్పు కొట్టు మామా."

"రెండోసారి కొడితే నా తల తీసేస్తారే!"

"పిల్ల తాటిచెట్టు కింద ఉంది."

నూకాలు ఆయన చేతిలోంచి డప్పు లాక్కుంది. ధన్ ధన్ ధన్! పిడుగు పడేలా ఉంది, చెట్టు వదలండి, ఇళ్ళకి పదండి! ధన్ ధన్ ధన్!

"పొద్దున మామ ఎండన్నాడు, ఇప్పుడు కోడలు పిడుగంటోంది. వీళ్ళింట్లో ఒక్క మాటుండదా?" అని గొణుక్కుంటూనే జనం కదిలారు. డప్పు మోగితే వినాల్సిందే కదా. పైడీ మేకల్ని అదిలించి పరుగందుకుంది. గుమ్మం తొక్కిందో లేదో, కళ్ళు చెదిరే వెలుగు! తాటిచెట్టు నిలువునా మండిపోయింది.

నూకాలు ఇంకా కొడుతూనే ఉంది. పిల్లొచ్చి కొంగు పట్టుకున్నా కొడుతూనే ఉంది. మామ చేతులు పట్టుకుంటేగానీ ఆగలేదట.

రాజుగారు నూకాలుని పిలిపించి, పొద్దుటి మాట అబద్ధమా అని గద్దించారు.

"ఎండ నిజమే దొరా. తర్వాత మబ్బొచ్చింది. అదీ నిజమే."

రాజు మేడ మీంచి, ఇంకా పొగలు కక్కుతున్న చెట్టు వంక చూశాడు. ఆకాశం ఎన్నిసార్లు మారితే అన్నిసార్లు డప్పు మోగాలన్నాడు.

అందుకేనర్రా, పొద్దున విన్నాం కదా అని ఊరుకోకూడదు. ఉరిమితే చెట్టు కింద నిలబడకూడదు, ఇంట్లోకొచ్చెయ్యాలి.

నూకాలు ఆ రోజంతా పిల్లని చంక దించలేదట. పెద్దపిల్లే, కాళ్ళు నేలకి తగులుతున్నాయి. అయినా దించలేదు.

కథ కంచి దారి పట్టింది. మీరిక కళ్ళు ముయ్యండి.