నీడ పడినా తీసెయ్

అనగా అనగా, రాజులు తమ బొమ్మను తెర మీద తామే చూసుకుని మురిసిపోయే కాలంలో, విజయధ్వజుడనే రాజు ఉండేవాడు. ఏ యుద్ధానికీ వెళ్లింది లేదు గాని, పేరుకు మాత్రం లోటు లేదు.

ఆయన ఏలుబడిలో జరిగిన ప్రతి పనినీ కెమెరాతో పట్టి, ఆ రీళ్లను కోట కొట్టులో పడేశారు. ఇన్నేళ్లకు రాజుకు తన ఘనతంతా ఒకే సినిమాగా చూడాలనిపించింది. పాత రీళ్లను కత్తిరించి, అతికించి, కొత్త కథ చెప్పగల నాంచారిని పిలిపించాడు.

నాంచారి ఒక్కో రీలునూ వెలుగుకు పట్టి చూసింది. ఆనకట్ట రీలు దగ్గర ఆమె చేయి ఆగిపోయింది. అందులో మట్టి తట్ట మోస్తున్న ఒకామె తల తిప్పి చూస్తోంది. ఆమె నాంచారి తల్లి. ఆ పనిలోనే బండ దొర్లి మీద పడి చనిపోయింది. ఆమె రూపం లోకంలో మరెక్కడా లేదు.

నాంచారి కూర్చిన సినిమా చూసి మంత్రి మూతి విరిచాడు. ఇది రాజుగారి ఘనతా, కూలి ఆడవాళ్ల తిరనాళ్లా అని వెక్కిరించాడు. ఆడవాళ్లను తీసేసి, ఆ రీలు ముక్కల్ని కరిగించి గాజులు చేయించమన్నాడు. వాటిని తొడుక్కుని ఆడవాళ్లే మురిసిపోతారట.

నాంచారి తిన్నగా రాజు దగ్గరికి వెళ్లి తల్లి సంగతి చెప్పింది. రాజు మనసు కరగలేదు, మంత్రి చెప్పినట్టే చెయ్యమన్నాడు. నాంచారి ఏడవలేదు. నిలబడి అడిగింది.

"ఆడది కనబడితే తీసెయ్యాలి. అంతేనా ప్రభూ?"

"అంతే."

"చేయి మాత్రమే కనబడినా?"

"తీసెయ్."

"నీడ పడినా?"

"నీడ పడినా తీసెయ్."

"సరే. ముందు సినిమా చూడండి. ముక్కల్ని ఆ తర్వాత కరిగించండి."

రాజు ఒప్పుకున్నాడు. నాంచారి కత్తెర తీసింది. చెప్పింది చెప్పినట్టే చేసింది.

ప్రదర్శన రోజు ఊరంతా కదిలి వచ్చింది. పట్టాభిషేకం అన్నారు. తెర మీద ఖాళీ సింహాసనం. ఆనకట్ట అన్నారు. ఉత్త బండరాళ్లు. కరువులో గంజి పోసిన పుణ్యం అన్నారు. చల్లారిన పొయ్యి, దాని పక్కన ఒక కుక్క. అంతటితో అయిపోయింది. జనం ఇంకా సర్దుకుని కూర్చోనే లేదు.

"నేనెక్కడ?" అన్నాడు రాజు.

"మీకు తిలకం దిద్దింది ఆడది. గొడుగు పట్టింది ఆడది. మీరు ఎక్కడ నిలబడ్డా ఒక ఆడదాని నీడ మీ మీద పడింది, ప్రభూ. మాట ప్రకారం తీసేశాను."

జనం నవ్వాపుకోలేకపోయారు. ముందు వరసలో కూర్చున్న రాజమాత మాత్రం నవ్వలేదు.

"తిలకం దిద్దిన నన్ను కూడా తీయించావా నాయనా? నన్ను తీసేస్తే నువ్వెక్కడి నుంచి వస్తావురా?"

రాజు తల దించుకున్నాడు. తీసేసినవన్నీ మళ్లీ అతికించమన్నాడు.

"అతికిస్తాను. ఈసారి నా కత్తెర మంత్రిగారి మాట వినదు, మీ మాటా వినదు," అంది నాంచారి.

మళ్లీ తెర వెలిగింది. ఈసారి రాజూ ఉన్నాడు, ఒక మూల, గొడుగు కింద. నడిమధ్యన తట్ట మోస్తున్న ఆమె తల తిప్పి, ఊరందరి వంకా సూటిగా చూసింది.

చేసినవాళ్లను చెరిపేసుకుంటూ పోతే, చివరికి చెరిపించినవాడే మిగలడు.